ఏడో తలుపు

మున్సిపాలిటీ పాత పటంలో, మూలాపేట దగ్గర,
పేరు లేని రెండు గీతలు.
వీపులు ఆనించుకున్న ఇళ్ల నడుమ
ఒక మనిషి, ఒక డబ్బా పట్టేంత వెడల్పు.
గుమాస్తా సిరా పొదుపు చేశాడనుకున్నాను ముందు.

ముప్పైయేళ్లుగా ఇతరుల పుస్తకాల్లో
రాయకుండా వదిలేసిన వాటిని పట్టుకుని బతికినవాణ్ణి.
"ఇక్కడ రచయిత ఏదో దాచాడు" అన్నది నా ఊతపదం.
తీరా నెల్లూరు మీద నేను రాసిన పుస్తకంలో
ట్రంకు రోడ్డు మేడలు, వకీళ్ల వరండాలు,
సంతపేట అచ్చాఫీసులు,
పెన్నకు వరదొచ్చిన ఏళ్ల పట్టిక.
అన్నీ మొహాలే.
ఊరికి వీపు ఉన్నట్టు ఒక్క వాక్యం లేదు.

సందు వెతుక్కుంటూ పోయాను.
ఒకరు స్నానాలగది జరుపుకున్నారు,
ఒకరు జనరేటర్ పెట్టుకున్నారు,
ఒకచోట రేకుల కింద ఖాళీ సోడా కేసులు.
"ఇక్కడ సందా? మా తాతల కాలం నించీ ఇది మా గోడే"
అన్నాడు, గోడకు ఇంకా తడారని సిమెంటు.

ఇడ్లీలమ్మే మస్తానమ్మ చెప్పింది చెంగమ్మ సంగతి.
పెన్న కట్ట కింద, యానాదుల ఇళ్లలో చివరిది.
ఎనభై దాటి ఉంటాయి. వాకిట్లో
ఎండు చేపల మీద కాకుల్ని తోలుతోంది.
నోటుబుక్కు తెరిచి వీధుల పేర్లు అడిగాను.
నవ్వింది.
"ముందర పక్క నాకేం తెలుసు సామీ,
గేట్లు యాడుండాయో, ఎట్టుండాయో.
నాకు ఊరంటే ఎనకే."

తర్వాత కళ్లు మూసుకుని నడిచింది, కూర్చున్నచోటే.

మొదటి తలుపు, కుక్క.
రెండో తలుపమ్మ మజ్జిగ పోసేది, ఎత్తునించి, దోసిట్లోకి.
చుక్క గడప మీద పడితే నీళ్లు కొట్టేది.
మూడోది, ముసిలాయన.
"చీమలు పట్టేయి సామీ. చక్కెర జబ్బని
డాక్టరు కంటే ముందు నాకు తెలిసె."
నాలుగో ఇంటి కొత్త కోడలికి నెల తప్పింది,
అత్తకింకా చెప్పలేదు.
అయిదూ ఆరూ గుర్తు లేవు.

"ఏడో తలుపు, అబ్రకం యాపారి ఇల్లు.
ఒక యేడు, రెండు నెల్లు, డబ్బా తేలిగ్గా ఉండేది.
పెద్దిల్లు. తొమ్మిది మంది.
తింటే గదా సామీ.
నేనెవురికీ చెప్పలా.
నన్నడిగిందెవురు?"

నా కలం కాగితం మీద ఒకేచోట నిలబడి
మరక చేసింది.

గూడూరు గని మూతబడిన ఏడు.
అమ్మ రెండు పూటలా పొయ్యి రాజేసేది,
ఎసరు పెట్టేది,
ఎసట్లో ఏమీ వేసేది కాదు.
పక్కింటికి పొగ కనబడాలి, అంతే.
నాన్న వీధరుగు మీద కూర్చుని
భోంచేసినవాడిలా తమలపాకు నమిలేవాడు.
వీధి మొత్తం నమ్మింది.
పెద్దయ్యాక నేనూ నమ్మాను.
నా పుస్తకం నాలుగో అధ్యాయంలో ఆ ఏడాదికి
"లోటెరగని బాల్యం" అని ఉంది.

ఊళ్లో మమ్మల్ని సరిగ్గా చదివింది
అక్షరం రాని ఈ మనిషొక్కతే,
తెల్లారుజామున, చీకట్లో, ముక్కుకు కొంగు కట్టుకుని.

ఆ ఇంటి పిల్లాణ్ణి నేనేనని చెప్పలేదు.
చెప్పి ఉండాల్సింది.
దానికి బదులు, పెద్ద పరిశోధకుడిలా,
"ఆ ఏడు మీ ఇంట్లో ఎలా ఉండేది?" అని అడిగాను.
"మాకా?"
కాకి ఒకటి చేపనెత్తుకుపోయింది. ఆమె దానివైపే చూసింది.
"మాకు ఏ యేడైనా అదే గదా సామీ."

రెండో ముద్రణకు నాలుగో అధ్యాయం కొట్టేశాను.
ఆ చోట ఏం రాయాలో తెలియలేదు.
మా పెరటి గోడలో, నడుమెత్తున,
ఇటుకలు వేరే రంగులో ఉన్న చదరం ఒకటుంది.
ఇన్నాళ్లూ దానికి క్యాలెండర్ తగిలించి ఉంది.